నాన్న చేసిన తీపి చుట్ట

మా అమ్మాయికి ఆ రోజు ఆఫీసులో ఏదో మీటింగట. ఏడింటికే బయల్దేరాలంది.

"అమ్మా, పాప బాక్సు నువ్వు కడతావా? ఫ్రిజ్‌లో టోర్టిల్లా ప్యాకెట్ ఉంది. ఒకటి తీసి పెనం మీద వెచ్చబెట్టు చాలు. పీనట్ బటర్ రాసి, అరటిపండు పెట్టి చుట్టేయడమే. అయిదు నిమిషాల పని."

సీతమ్మధారలో వాళ్ల ఫ్లాటు. పదిరోజులుందామని వచ్చి నెల్లాళ్లయింది నేను. ఆ ప్యాకెట్‌ని ఫ్రిజ్‌లో చూస్తూనే ఉన్నాను కాని ఎప్పుడూ ముట్టుకోలేదు. తీసి చూస్తే పేరే కొత్తది, మన చపాతీకి దూరపు చుట్టమే. పెనం మీద వేశాను. పీనట్ బటర్ రాసి, అరటిపండు చక్రాలు పెట్టి, కాస్త తేనె వేశాను. ఎల్‌కేజీ చదివే మనవరాలు స్టూలెక్కి నా చేతుల వంకే చూస్తోంది.

"అమ్మమ్మా, కిందనుంచి కారిపోతుంది. మమ్మీ చేస్తే రోజూ నా డ్రెస్‌కి అంటుకుంటుంది."

"కారదులే" అని, ముందు కింది అంచు లోపలికి మడిచి, అప్పుడు పక్కనుంచి చుట్టాను. తలకిందులు చేసి చూపించాను. చుక్క కారలేదు.

"నీకెవరు నేర్పారు?"

"మా నాన్న."

చెవికి లోలాకు పెట్టుకుంటున్న మా అమ్మాయి ఆగిపోయింది. "తాతయ్యా? మంచినీళ్లు కూడా అమ్మమ్మ ముంచి ఇవ్వాల్సిందే కదా ఆయనకి."

నిజమే. మా నాన్న తన జన్మలో వంట చేసింది రెండు నెలలు. ఆ రెండు నెలలూ మా అమ్మ ఇంట్లో లేదు.

నాకప్పుడు తొమ్మిదేళ్లు, తమ్ముడికి అయిదు. ఉక్కునగరంలో, అంటే నాన్న పనిచేసే స్టీలు ప్లాంటు కాలనీలో, మాకు క్వార్టర్ వచ్చి ఏడాది కాలేదు. ఇళ్లన్నీ ఒక్కలాగే ఉండేవి. మా తమ్ముడు రెండుసార్లు వేరేవాళ్ల ఇంట్లోకి వెళ్లి, బనీను విప్పేసి, వాళ్ల మంచం మీద పడుకున్నాడు కూడా. రోడ్ల పక్కన నాటిన మొక్కలు ఇంకా మా భుజాల దాకా ఎదగలేదు. వాన పడితే ఎర్రమట్టి వాసన, దాని వెనకే ప్లాంటు వైపు నుంచి కాలిన బొగ్గు వాసన. సాయంత్రమయ్యేసరికి ఆ వైపు ఆకాశం అంచు నారింజరంగుకి తిరిగేది. అక్కడెక్కడో నాన్న ఉన్నాడని తమ్ముడికి వేలుపెట్టి చూపించేదాన్ని.

ఆ వానాకాలం మొదట్లో అమ్మకి ఆరోనెల వెళ్లి ఏడు వచ్చింది. పాదాలు వాచిపోయాయి. ఒక పొద్దున కుళాయి దగ్గర బిందె పెట్టి, దాని పక్కనే కూలబడిపోయింది. సిటీలో పెద్దాసుపత్రికి తీసుకెళ్తే బీపీ చాలా ఎక్కువుందన్నారు. కాన్పు దాకా మంచం దిగడానికి వీల్లేదన్నారు. తమ్ముడి తర్వాత అమ్మకి ఒక కాన్పు చెడింది. అందుకని ఈసారి ఎవరూ మారు మాట్లాడలేదు. ఊరినుంచి అమ్మమ్మ వచ్చి ఆసుపత్రిలో అమ్మ మంచం పక్కన చాప పరుచుకుంది. నాయనమ్మకి ఊళ్లో ఉడుపుల కాలం, వరినాట్ల పని. పొలం వదిలి రాలేక, బస్సులో ఎవరిచేతో ఒక డబ్బా నిండా చిమ్మిలి పంపించింది. నువ్వులు, బెల్లం కలిపి రోట్లో దంచిన ముద్ద. మా శ్రీకాకుళం వైపు ఇళ్లల్లో పిల్లలకి చేతిలో పెట్టేది అదే. డబ్బా మూత తీస్తే వేయించిన నువ్వుల వాసన గది గదంతా తిరిగేది.

ఇక ఇంట్లో మేం ముగ్గురం.

నాన్న తోటివాళ్లని బతిమాలి షిఫ్టులు మార్చుకున్నాడు. "బావా, రెండు నెల్లు నాకు సి షిఫ్టే వదిలీ. నా ఏ షిఫ్టు, బి షిఫ్టు ఎవలికైనా ఇచ్చుకో" అని గేటు దగ్గర ఒకాయన్ని అడగడం నేను విన్నాను. రాత్రి డ్యూటీ అయితే పొద్దున్న మమ్మల్ని బడికి పంపొచ్చని ఆయన లెక్క. రాత్రిళ్లు మేం పక్క క్వార్టర్ ఆంటీ ఇంట్లో పడుకునేవాళ్లం. ఆరున్నరకి షిఫ్టు బస్సు ఆగిన చప్పుడు వినగానే తమ్ముడు దుప్పటితో సహా పరిగెత్తేవాడు.

మొదటివారం అన్నం వండాడు. ఒకరోజు మాడింది, ఒకరోజు గంజయింది. మూడోరోజు మేం తినలేక వదిలేసిన కంచాల వంక కాసేపు చూసి, "ఇది నా వల్ల కాదు" అన్నాడు. పెళ్లికి ముందు ఉత్తరాదికి ట్రైనింగుకి పంపినప్పుడు, గదిలో ఉన్న బీహారు ఆయన దగ్గర నాన్న ఒకే ఒక్క పని నేర్చుకున్నాడు. రొట్టె కాల్చడం. ఆ విద్య బయటికి తీశాడు.

డ్యూటీ నుంచి వచ్చి, చొక్కా విప్పి మేకుకి తగిలించి, మోచేతుల దాకా సబ్బుతో తోముకునేవాడు. ఎంత తోమినా గోళ్ల చుట్టూ నలుపు ఉండిపోయేది. పిండి కలిపేవాడు. ఆయన చపాతీ ఎప్పుడూ గుండ్రంగా వచ్చేది కాదు. తమ్ముడు ఒక్కోదానికీ పేరు పెట్టేవాడు, ఇది తాబేలు, ఇది పడవ అని. పెనం మీంచి తీసిన వెంటనే నెయ్యి రాసి, చిమ్మిలి పొడిచేసి చల్లి, వేడి మీదే చుట్టేవాడు. ఆ వేడికి బెల్లం కరిగి నువ్వులతో కలిసిపోయేది. చేతికి వచ్చేసరికి లోపల మెత్తగా, బయట కాస్త కరకరగా ఉండేది.

"కొసన ముందు మడతెట్టాల. లేపోతే అడుగునుంచి కారిపోద్ది" అనేవాడు, మాకు కాదు, తనకే చెప్పుకుంటున్నట్టు. రెండు నాకు, ఒకటిన్నర తమ్ముడికి. పాత పేపరు చుట్టి డబ్బాలో పెట్టి, మమ్మల్ని బడికి తోలి, అప్పుడు పడుకునేవాడు.

తమ్ముడు ఆనందంగా తినేసేవాడు. చిక్కంతా నాకే.

ఆ రోజుల్లో మా క్లాసులో మధ్యాహ్నం అందరూ అన్నమే తెచ్చుకునేవారు. పప్పు, పులుసు, పెరుగు. నేను డబ్బా తీయగానే ఒకడు తొంగిచూసి, "ఒరే, ఇది సుట్ట తెచ్చుకుంది" అన్నాడు. అంతే. చేపలమ్మే ఆడవాళ్లు అడ్డపొగ తాగుతారు, నిప్పున్న కొస నోట్లో పెట్టుకుని. వాడు నా చపాతీ తీసి అలాగే పెదాల మధ్య పెట్టుకుని, బుగ్గలు లోపలికి లాగి, కళ్లు మూసి చూపించాడు. క్లాసంతా నవ్వింది. ఆ వారమంతా నా పేరు సుట్ట. నేను వెనక్కి తిరిగినప్పుడల్లా ఎవరో ఒకరు దగ్గేవారు, పొగ మింగినట్టు.

ఇంటికొస్తే నాన్న నిద్రకళ్లతో అడిగేవాడు. "తినీసావా?"

"తిన్నాను."

"సరిపోయిందేటి?"

"సరిపోయింది."

మా క్లాసులో ఇంకొక అమ్మాయి కూడా అందరితో కూచుని తినేది కాదు. వాళ్లది సముద్రం ఒడ్డు ఊరు. వాళ్లమ్మ చేపల గంప ఎత్తుకుని మా సెక్టారుకే వచ్చేది. ఆ అమ్మాయి డబ్బాలో రోజూ చేపల కూరో, ఎండుచేపల వేపుడో ఉండేది. మూత తీస్తే పక్కవాళ్లు ముక్కు మూసుకునేవారు. అందుకని సైకిల్ స్టాండు వెనక్కి వెళ్లి ఒక్కతే తినేది. నేనూ అక్కడికే చేరాను. మొదటిరోజు ఇద్దరం ఎడమొహం పెడమొహంగా కూచున్నాం. రెండోరోజు తనే అడిగింది.

"నీ దాంట్లో ఏటున్నాది?"

"చిమ్మిలి."

"కాస్త ముక్క ఎట్టవా?"

పెట్టాను. అది నమిలి, ఆగి, మళ్లీ నమిలింది. తర్వాత తన డబ్బా నా వైపు తోసింది. అమ్మ ఆసుపత్రికి వెళ్లిన దగ్గర్నుంచి మా ఇంట్లో చేప ముక్క లేదు. కారంగా, చింతపండు పులుపుతో, అడుగున అన్నానికి నూనె అంటుకుని ఉంది. డబ్బాల అడుగు కనబడేదాకా ఇద్దరం తిన్నాం. ఆ రోజునుంచి డబ్బాలు మార్చుకోవడమే. మూడు వారాలు అలాగే గడిచింది. నాకు ఆకలి తీరింది, దానికి తీపి దొరికింది. నాన్నకి మాత్రం రోజూ అబద్ధం చెబుతున్నాను.

ఒక ఆదివారం పొద్దున్న చేపలామె మా గుమ్మం ముందు గంప దించింది. నాన్న అప్పుడే డ్యూటీ నుంచి వచ్చి పీట మీద పిండి ఒత్తుతున్నాడు. ఆమె లోపలికి తొంగిచూసి నవ్వింది.

"బాబూ, ఆ తీపి సుట్ట నువ్వేనేటి సేత్తన్నావ్? నాకూ కాస్త సెప్పు. మా గుంట ఇంటికొచ్చి రోజూ అదే గోల. అమ్మా, నువ్వూ సెయ్యి, నువ్వూ సెయ్యి అంటంది."

"మీ గుంట ఎక్కడ తిన్నాదమ్మా?"

"ఎక్కడేటి, మీ పాప కేరేజీలోదే. రోజూ మా గుంట కూడు మీ పాప తింతంది, మీ పాప సుట్ట మా గుంట తింతంది. నీకు తెల్దేటి?"

నేను గదిలో మంచం పక్కన నిలబడి ఉన్నాను. నాన్న చేతిలో అప్పడాల కర్ర ఆగింది. తిరిగి నా వైపు చూస్తాడనుకున్నాను. చూడలేదు. ఆమెకి చక్కగా చెప్పాడు. పిండి గోరువెచ్చటి నీళ్లతో కలపాలనీ, కాసేపు తడిగుడ్డ కప్పి ఉంచాలనీ, నెయ్యి వేడిమీదే రాయాలనీ, కొస ముందు మడతెట్టాలనీ. ఆమె ఊఁ కొడుతూ విని, గంపలోంచి నాలుగు చేపలు తీసి మా గిన్నెలో వేసి, వద్దంటున్నా వినకుండా వెళ్లిపోయింది.

నాన్న సాయంత్రం ఒక్కటే అన్నాడు.

"సేపలకూర బాగుంటందా?"

"ఊఁ."

"మంచిది. కడుపు నిండితే అదే సాలు."

మర్నాడు బడిలో డబ్బా తీస్తే ఉప్మా ఉంది. జీడిపప్పు వేసి, పక్కన కొబ్బరి చట్నీతో. పక్క క్వార్టర్ ఆంటీ చేతివంట అని చూడగానే తెలిసింది. అందరిలా ఉండే డబ్బా కావాలని నేను ఎంతగా కోరుకున్నానో, సరిగ్గా అలాగే ఉంది. నా స్నేహితురాలు చూసి, "సుట్ట లేదేటి?" అంది. లేదన్నాను. ఒక ముద్ద నోట్లో పెట్టుకున్నాను. మూత పెట్టేశాను. నాన్న డ్యూటీ బట్టలతో ఆంటీ గుమ్మం ముందు నిలబడి, మా పాపకి కాస్త డబ్బా కట్టగలరా అని అడుగుతున్నట్టు కళ్లకి కట్టింది. ఎవర్నీ ఏదీ అడగని మనిషి ఆయన. పిల్లల్ని రాత్రి పడుకోబెట్టుకుంటున్నందుకే ఆంటీ ముందు తలెత్తేవాడు కాదు.

ఇంటికెళ్లేసరికి ముందుగదిలో చాప మీద నిద్రపోతున్నాడు. కుడిచెయ్యి చాప దాటి నేలమీద పడివుంది. వేళ్ల మీద, మణికట్టు లోపలి వైపు బొబ్బలు. కొన్ని ఎండిపోయాయి, రెండు కొత్తవి. లెక్కపెట్టాను, ఏడున్నాయి. కొలిమి దగ్గర అన్నేళ్లు పనిచేసి ఒంటిమీద ఒక్క బొబ్బ తెచ్చుకోని మనిషికి, మా వంటింట్లో నెల తిరిగేసరికి ఏడు బొబ్బలు.

ఆయన లేచేదాకా పక్కనే కూచున్నాను.

"నాన్నా, రేపు చుట్ట చెయ్యవా?"

"ఎందుకే, ఉప్మా బాగోలేదేటి?"

"బాగుంది." తర్వాత అంతా చెప్పేశాను. క్లాసులో వాడు పొగ తాగినట్టు చూపించడం, అందరూ దగ్గడం, సైకిల్ స్టాండు. చెబుతుంటే ఏడుపొచ్చింది. ఆయన చివరిదాకా విని నవ్వాడు. నిద్రముఖంతో, పళ్లు కనబడేలా.

"మా అమ్మా కాలుస్తది అడ్డపొగ. అందులో సిగ్గేటున్నాది? సుట్టిందాన్ని సుట్టనక ఏటంటారు?" అని, లేచి చాప చుడుతూ, "నాకు ముందే సెప్పాల్సింది" అన్నాడు. అందులో కోపం లేదు. అందుకే ఇన్నేళ్లయినా ఆ మాట వినబడుతూనే ఉంటుంది.

మర్నాడు తమ్ముడివి కాక నాలుగు చేశాడు. రెండు నాకు, రెండు నా స్నేహితురాలికి. అప్పటినుంచి చుట్టే పని నాది. ఆయన కాల్చి పీట మీద వేసేవాడు, నేను వేళ్లు ఊదుకుంటూ చుట్టేదాన్ని. మేం సైకిల్ స్టాండు వెనకనుంచి లేచి క్లాసులోకి వచ్చి, మా బెంచీ మీదే డబ్బాలు తెరిచాం. చేపలు, చుట్టలు రెండూ. రెండురోజులు నవ్వారు. మూడోరోజు పొగతాగినట్టు చూపించిన ఆ అబ్బాయే వచ్చి, "ఒక ముక్క పెట్టవా" అన్నాడు. నా స్నేహితురాలు పెట్టొద్దంది. నేను పెట్టాను. అంత మంచిదాన్నేం కాదు, తిన్నాక బాగుందని వాడు ఒప్పుకోక తప్పదని.

ఈలోగా ఆసుపత్రిలో అమ్మ తిండి మానేస్తోంది. ఉప్పులేని కూడు నోటికి పోవడం లేదు. ఆ తర్వాతి ఆదివారం మేం వెళ్లేసరికి కంచంలో అన్నం అలాగే ఎండిపోయి ఉంది. అమ్మ ముఖం ఉబ్బింది, చేతులు మాత్రం సన్నబడ్డాయి. వరండాలో అమ్మమ్మ నాన్నతో మెల్లగా అంది.

"డాక్టరమ్మ తిట్టి ఎల్లింది బాబూ. తల్లి తినకపోతే లోపలి బిడ్డ ఎలగ పెరుగుద్ది అంటంది. నాను ఎంత బతిమాల్నా రెండు ముద్దలకి మించి మింగదు."

బస్సులో తిరిగి వస్తున్నంతసేపూ నాన్న కిటికీలోంచి బయటికే చూశాడు. అప్పటిదాకా అమ్మ తిరిగి రాదన్న ఆలోచన నాకు రాలేదు. ఆయన దవడ బిగిసి ఉండటం చూసి ఆ రోజు వచ్చింది. తమ్ముడి చెయ్యి గట్టిగా పట్టుకుని కూచున్నాను.

మర్నాడు మమ్మల్ని బడికి పంపాక ఆయన పడుకోలేదు. నువ్వులు వేడి, కడుపుతో ఉన్నవాళ్లకి పెట్టకూడదంటారు కనుక చిమ్మిలి పక్కనపెట్టాడు. పిండిలో ఉప్పు వెయ్యలేదు. పచ్చికొబ్బరి కోరి, బెల్లంతో దగ్గరగా ఉడికించి, అరటిపండు చిదిపి కలిపాడు. రెండు చుట్టలు చేసి, టవల్లో చుట్టి, బస్సెక్కాడు. అక్కడ ఏం జరిగిందో అమ్మమ్మ తర్వాత చాలాసార్లు చెప్పింది. అమ్మ ఒకటి మొత్తం తిని, రెండోది చేతిలోకి తీసుకుని అడిగిందట, ఎవరు చేశారని. నాన్న కిటికీ వైపు చూస్తూ, "మనింట్లోనే" అన్నాడట. అమ్మ ఆయన చేతులు చూసింది. నవ్వడం మొదలుపెట్టి, నవ్వుతూనే ఏడ్చిందట.

అప్పటినుంచి రోజూ అదే. రాత్రంతా డ్యూటీ, పొద్దున్న మాకు, ఆ వెంటనే అమ్మకి. రానూపోనూ బస్సులో నిలబడే కునికేవాడు. పడుకునేది మధ్యాహ్నం రెండు మూడు గంటలు. ఆ నెలరోజుల్లో ఆయన బెల్టుకి కొత్తగా రెండు చిల్లులు పడ్డాయి. సెలవురోజుల్లో అమ్మ చుట్ట నేనే చుట్టేదాన్ని. కొస సరిగా మడిచానో లేదో ఎత్తి వెలుతురులో చూసేవాడు.

బిడ్డ నెలరోజులు ముందుగా పుట్టింది. ఆడపిల్ల. రెండు అరచేతుల్లో ఇమిడిపోయేది. పన్నెండు రోజులు గాజుపెట్టెలో ఉంచారు. పదమూడోరోజు అమ్మ, అమ్మమ్మ, ఆ పిల్ల ఆటోలో మా క్వార్టర్ ముందు దిగారు. తమ్ముడు ఈసారి ఇల్లు తప్పకుండా ముందు పరిగెత్తి తలుపు తీశాడు.

ఆ సాయంత్రమే నాన్న పిండి డబ్బా మీద చెయ్యి వేస్తే అమ్మమ్మ వచ్చి తీసేసుకుంది. "మొగోడివి, పొయ్యికాడ నీకేటి పని బాబూ. ఇన్నాళ్లు సేసినావు సాలు. ఎల్లి బేగి పడుకో." ఆయన చేతులు దులుపుకుని లేచాడు. నిజంగానే అలసిపోయి ఉన్నాడు. మళ్లీ మామూలు షిఫ్టులు వచ్చాయి. మళ్లీ అన్నం, పప్పు, పులుసు.

కొన్నాళ్లకి నేను అమ్మని చుట్ట అడిగాను. అమ్మ సన్నగా, చందమామలా గుండ్రంగా ఒత్తింది. ఎక్కడా మాడలేదు. బెల్లం సరిగ్గా సరిపోయింది. "ఎలగున్నాది?" అంది. గుమ్మంలో నాన్న బూట్లు కట్టుకుంటున్నాడు.

"బాగుంది" అన్నాను.

ఆయన తలెత్తి నన్ను చూశాడు. నేను తిన్నానని మూడు వారాలు అబద్ధం చెబితే కనిపెట్టలేకపోయిన మనిషి, ఆ ఒక్క మాటని కనిపెట్టేశాడు. బూటు తాడు ముడివేసి, డ్యూటీకి వెళ్లిపోయాడు. ఆ తర్వాత ముప్పైఏళ్లకి పైగా బతికాడు. మళ్లీ ఒక్కసారి కూడా పెనం ముట్టుకోలేదు. ఎవరూ అడగలేదు, నేనూ అడగలేదు. ఎందుకు అడగలేదో ఇప్పటికీ నాకు తెలియదు.

ఆ పొద్దున్న మనవరాలు స్కూలుకి వెళ్లాక, భీమునిపట్నంలో ఉన్న మా చెల్లికి ఫోన్ చేశాను. గాజుపెట్టెలో పన్నెండు రోజులున్న పిల్లే. ఇప్పుడు అక్కడ బడిలో పాఠాలు చెబుతోంది. తనకి ఊహ తెలిసేసరికి నాన్న అంటే డ్యూటీకి వెళ్లే మనిషి, నిద్రపోయే మనిషి. సైకిల్ స్టాండు, బొబ్బలు, బస్సు, ఇవేవీ తనకి తెలియవు. అంతా చెప్పాను.

"మీ ఇద్దరికే పెట్టాడన్నమాట" అంది చివరికి. "నాకు నాన్న చేతివంట ఎప్పుడూ దొరకలేదక్కా."

"పిచ్చిదానా, ఆ నెలరోజులూ అమ్మ తిన్నదల్లా నువ్వు తిన్నదే కదే. నీకోసమే కదా ఆయన బస్సెక్కింది."

వెనక వాళ్ల బడి గంట మోగుతోంది. పిల్లలు అరుస్తున్నారు. వెళ్లాలి తను, కానీ ఫోన్ పెట్టలేదు.

"బెల్లం ఎక్కువేసేవాడా అక్కా, తక్కువేసేవాడా?"

"ఎక్కువేనే" అన్నాను. "చాలా ఎక్కువ."